చరిత్ర తరిమిన చిత్రకారులు – 9: బొల్లారం పిల్లవాడు, బెర్లిన్ దొర

పోయిన వారం మనం 1933 దగ్గర ఆగినం. జర్మనీలో హిట్లర్ గద్దెనెక్కిండు. ఆ ఏడాది ఏప్రిల్‌లో వచ్చిన చట్టం ఒకటి యూదులను, కొత్త సర్కారుకు గిట్టనివాళ్లను ప్రభుత్వ కొలువుల నుంచి వెళ్లగొట్టింది. ఒట్టో డిక్స్‌కు డ్రెస్డెన్‌లో పాఠాలు చెప్పే ఉద్యోగం పోయింది. మాక్స్ బెక్‌మన్‌కు ఫ్రాంక్‌ఫర్ట్‌లో, పాల్ క్లేకు డ్యూసెల్‌డార్ఫ్‌లో అదే గతి పట్టింది. వృద్ధురాలు కేథే కోల్విట్స్‌ను అకాడమీ నుంచి బలవంతంగా తప్పించారు. నాలుగేళ్లు తిరిగాక, 1937లో, డిక్స్, బెక్‌మన్, క్లే లాంటివాళ్ల బొమ్మలను మ్యూనిక్‌లో గోడలకు వంకర టింకరగా తగిలించి, పక్కన వెక్కిరింతలు రాసి, "చెడిపోయిన కళ" అని జనానికి చూపించారు.

వాళ్లలో కొందరు దేశం విడిచిపోయారు, కొందరు ఇంట్లోనే నోరు మూసుకుని బతికారు. ఈ వారం కథ ఇంకో రకం మనిషిది. పేరు రూడీ ఫాన్ లైడెన్, 1908లో పుట్టాడు. చదివింది భూగర్భశాస్త్రం. తండ్రి ప్రష్యా ప్రభుత్వంలో పెద్ద అధికారి, తల్లిది యూదు మూలాలున్న కుటుంబం. విద్యార్థిగా ఉన్నప్పుడు వామపక్షం వైపు మొగ్గాడు. నాజీల దృష్టిలో ఇందులో ఏ ఒక్కటైనా చాలు. 1933లోనే ఓడెక్కి బొంబాయిలో దిగాడు. అప్పటికే అక్కడ ఉద్యోగం చేస్తున్న అన్న ఉండటం ఆసరా అయింది. రాళ్లూ రప్పలూ చదివినవాడు బొంబాయిలో ప్రకటనల బొమ్మలు గీసే స్టూడియో పెట్టుకున్నాడు, తర్వాత టైమ్స్ ఆఫ్ ఇండియాలో చేరాడు, 'డెన్లీ' అనే మారుపేరుతో కార్టూన్లు వేశాడు, చిత్రకళ మీద విమర్శ రాశాడు. కుంచెతో పేరు తెచ్చుకున్నవాడు కాదు. అయినా ఈ ధారావాహికలో ఆయనకు చోటివ్వక తప్పదు. ఎందుకంటే ఆయన బొంబాయిలో ఒక పనివాళ్ల గదిలోకి తొంగి చూసిన రోజు, మన నేల మీద పుట్టిన ఒక మనిషి జీవితం మలుపు తిరిగింది.

ఆ మనిషి కృష్ణాజీ హౌలాజీ ఆరా. 1914లో సికింద్రాబాదు పక్కన బొల్లారంలో పుట్టాడు.

మన దగ్గర చిత్రకారుల మాట వస్తే కాపు రాజయ్య అంటాం, కొండపల్లి శేషగిరిరావు అంటాం, లక్ష్మాగౌడ్, వైకుంఠం అంటాం. ఆరా పేరు మాత్రం నోట రాదు. షాద్‌నగర్‌లో కూర్చుని ఈ సంగతి రాస్తుంటే కొంచెం విచిత్రంగానే ఉంది. నగరానికి దక్షిణాన మన ఊరు, ఉత్తరాన బొల్లారం. నడుమ వంద కిలోమీటర్లు కూడా ఉండదు. ఆయన పుట్టిన ఊరు మనకింత దగ్గర, ఆయన బొమ్మలు మాత్రం బొంబాయి, ఢిల్లీ వాళ్ల సొత్తు.

మన ఊరి పేరులోని 'షాద్' ఎవరో ఇక్కడివాళ్లకు చెప్పనక్కర్లేదు. నిజాం ప్రధానమంత్రిగా చేసిన మహారాజా కిషన్ పర్షాద్ కలం పేరు అది. ఉర్దూ, ఫార్సీలలో కవిత్వం రాశాడు, చిత్రకళన్నా సంగీతమన్నా ప్రాణం పెట్టేవాడు, దేవిడీలో ముషాయిరాలు జరిపించేవాడు. హైదరాబాదు సంస్థానంలో కళ అప్పటికి అట్లాంటి దేవిడీల్లో బతికేది. పోషించే ప్రభువు, ఆయన కొలువులో చిత్రకారుడు. బొమ్మలు నేర్పే సర్కారీ బడి హైదరాబాదులో 1940 దాకా లేదు. బొల్లారంలో ఒక డ్రైవరు కొడుక్కు రంగుల పిచ్చి ఉంటే, ఆ దేవిడీ గుమ్మం దాకా చేరే దారి ఏదీ లేదు.

బొల్లారం అంటే అప్పట్లో దండు. తెల్ల దొరల బంగళాలు, సోల్జర్ల బారకులు, రెసిడెంటు దొర వేసవి విడిది. ఆ విడిదే ఇవాళ రాష్ట్రపతి నిలయం. దండు ఉన్నచోట వంటవాళ్లు, మాలీలు, ధోబీలు, గుర్రాలు చూసేవాళ్లు, మోటార్లొచ్చాక డ్రైవర్లు, వాళ్ల పెండ్లాం పిల్లలు చేరతారు. బంగళా ముందు వాకిలి దొరలది, వెనక వాకిలి వీళ్లది. ఆరా తండ్రి ఆ వెనక వాకిలి మనిషే, కారు నడిపేవాడు. పిల్లవాడికి మూడేళ్లప్పుడు తల్లి పోయింది. తండ్రి మళ్లీ పెళ్లి చేసుకున్నాడు. ఏడేళ్లు వచ్చేసరికి పిల్లవాడు ఇల్లు విడిచి బొంబాయి పారిపోయాడు.

ఏడేళ్ల పిల్లవాడు బొంబాయి ఎట్లా చేరాడని ఆశ్చర్యపోవడానికి పాలమూరోళ్లం మనం కాదు. సికింద్రాబాదు నుంచి వాడి జంక్షన్ మీదుగా 1874లోనే రైలు పట్టా పడింది. అంతకన్నా ముందే మన జనం ఎడ్లబండ్ల మీద, కాలినడకన పోయి బొంబాయి కట్టారు. అక్కడి కామాఠిపురకు ఆ పేరు నిజాం ఇలాకా నుంచి పోయిన కామాఠీల వల్లనే వచ్చింది. రాళ్లు మోసినోళ్లు, గోడలు లేపినోళ్లు మనోళ్లు. ఆ పేట పేరు తర్వాత వేరే సంగతులకు మారుమోగిపోయింది గానీ, మొదట అది తెలుగు కూలీల పేట. తర్వాత పద్మశాలీలు మిల్లులకు పోయారు. నిన్న మొన్నటి దాకా మహబూబ్‌నగర్, నారాయణపేట బస్టాండ్లలో బొంబాయి బస్సులు ఎక్కిన జనం అదే తోవన పోయినవాళ్లే. ఆరా ఆ తోవన కరువు తరమకుండా పోయిన మనిషి. అతన్ని తరిమింది సవతి ఇల్లు.

బొంబాయిలో అతనికి దొరికింది తండ్రి పనిలో సగం: కార్లు తుడవడం. తర్వాత ఒక ఇంగ్లీషు కుటుంబం ఇంట్లో పనికి కుదిరాడు. చదువు లేదు, గురువు లేడు. తీరిక దొరికినప్పుడల్లా బొమ్మలు వేసుకునేవాడు.

1930లో గాంధీ దండి పోయి ఉప్పు వండాడు. దేశమంతా కదిలింది. పదహారేళ్ల ఈ ఇంటి పనివాడు కూడా ఉప్పు సత్యాగ్రహంలో దిగి ఐదు నెలలు జైల్లో ఉన్నాడు. ఆరా గురించి రాసేవాళ్లు ఈ సంగతిని ఒక్క వాక్యంలో చెప్పి ముందుకు పోతారు. నాకైతే ఇక్కడ ఆగాలనిపిస్తుంది. చదువుకున్న కుటుంబాల యువకుడికి జైలు ఒక గౌరవం, బయటికి వస్తే దండలు వేస్తారు. ఇంట్లో గిన్నెలు తోమే కుర్రాడికి జైలంటే పోయిన కొలువు, పోయిన పడక. సంగతి తెలిసే పోయాడు.

విడుదలయ్యాక మళ్లీ కార్లు కడిగే పనే, ఈసారి ఒక జపాన్ కంపెనీలో. అక్కడా చరిత్ర వెంటపడింది. 1941 డిసెంబర్‌లో జపాన్ విమానాలు పెర్ల్ హార్బర్ మీద బాంబులు వేశాయి. తెల్లారేసరికి బొంబాయిలో జపానువాళ్లు శత్రువులైపోయారు, కంపెనీ మూతపడింది. ఆరా మాత్రం పనివాళ్లకిచ్చిన చిన్న గదిలోనే ఉండిపోయాడు. యజమాని లేని ఇంట్లో పనివాడు, చేతినిండా కావలసినంత తీరిక, చుట్టూ యుద్ధం. బొమ్మలు వేయడానికి ఇంతకన్నా విచిత్రమైన స్టూడియో ఉంటుందా!

అదే సమయంలో అదే నగరంలో జర్మన్లు, ఆస్ట్రియన్ల పరిస్థితి ఇంకా విడ్డూరం. హిట్లర్‌ను తప్పించుకుని వచ్చినవాళ్లు వీళ్లు. 1939 సెప్టెంబర్‌లో యుద్ధం మొదలవగానే బ్రిటిష్ సర్కారు జర్మన్ పాస్‌పోర్టు చూసి వాళ్లను కూడా శత్రు దేశస్థుల లెక్కలో వేసింది. నాజీ ఎవరు, నాజీల బాధితుడెవరు అన్న విచారణ తర్వాత సంగతి, ముందు అరెస్టు. చాలామందిని శిబిరాల్లో పెట్టి, విచారించి, తర్వాత వదిలారు. తమ దేశానికి పనికిరానివాళ్లు, ఆశ్రయమిచ్చిన దేశానికి అనుమానితులు.

బొంబాయి చిత్రకళను కదిలించింది వీళ్లలో ముగ్గురు. ఒకరు మన లైడెన్. రెండోవారు వాల్టర్ లాంగ్‌హామర్. ఆస్ట్రియాలోని గ్రాజ్‌లో పుట్టి వియన్నా అకాడమీలో చదివిన చిత్రకారుడు. భార్య యూదు స్త్రీ కావడంతో, 1938లో హిట్లర్ ఆస్ట్రియాను మింగేశాక, ఇద్దరూ బొంబాయి చేరారు. టైమ్స్ ఆఫ్ ఇండియాలో ఆర్ట్ డైరెక్టరుగా కుదిరాడు. ఆదివారాలు ఆయన ఇంటి తలుపులు కుర్ర చిత్రకారులకు తెరిచి ఉండేవి. రజా, హుసేన్ లాంటివాళ్లు అక్కడే యూరప్ చిత్రకారుల రంగుల ప్రతులు చూశారు. మూడోవారు ఇమాన్యుయేల్ ష్లెసింజర్, వియన్నాలోనే వ్యాపారి. బొంబాయిలో మందుల వ్యాపారం చేస్తూ, ఎవరూ కొనని కుర్రాళ్ల బొమ్మలు డబ్బిచ్చి కొన్నాడు. మెచ్చుకోలు కడుపు నింపదు, నిజంగా ఆదుకున్నది ఈయనే అని నా అభిప్రాయం.

లైడెన్ కంట ఆరా బొమ్మలు పడ్డాయి. బాగున్నాయన్నాడు, ఒక పద్ధతి పట్టుబడాలని కేత్కర్ ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్‌కు పంపాడు. 1942లో చేతనా రెస్టారెంటులో ఆరా మొదటి సొంత ప్రదర్శన జరిగింది. జనం వచ్చారు, బొమ్మలు అమ్ముడుపోయాయి. ఏడాది చూడండి, 1942! గోవాలియా ట్యాంక్ మైదానంలో గాంధీ "క్విట్ ఇండియా" అన్నదీ ఆ ఏడాదే, బొంబాయిలోనే.

ఈ కథను మామూలుగా ఇట్లా చెబుతారు: కార్లు తుడిచే ఒక అనాథలో దాగున్న వజ్రాన్ని ఒక తెల్ల విమర్శకుడు కనిపెట్టి సానబెట్టాడు. వినడానికి బాగుంటుంది, సగం నిజం కూడా. మిగతా సగం వెనక నిలబడి చూస్తే కనబడుతుంది. లైడెన్ కన్ను ఎక్కడ తయారైంది? అతని యవ్వనం గడిచిన బెర్లిన్‌లో ఒళ్లు జలదరించే రంగులు, అంగసౌష్ఠవం లెక్కచేయని మొరటు గీతలు, నున్నటి అందం మీద తిరుగుబాటు చేసిన బొమ్మలు ఉండేవి. ఆ బొమ్మలనే అతని దేశం మ్యూజియంల నుంచి ఊడబీకి నవ్వులపాలు చేసింది. బొంబాయిలో అప్పటి కళాశాలల పద్ధతి నీట్‌గా, కొలత ప్రకారం గీయమంటుంది. అట్లా గీయడం రాని, ఎవరూ నేర్పని ఒక మనిషి రంగును ముద్దలుగా వేస్తుంటే, లైడెన్‌కు తను పోగొట్టుకున్నదేదో అందులో కనబడి ఉంటుంది. ఆరాకు లైడెన్ అవసరం ఎంత ఉందో, లైడెన్‌కు ఆరా అవసరమూ అంతే ఉంది. పైగా ఆ వేళకు ఆరా చెయ్యి ఖాళీగా ఏమీ లేదు. దండు వెనక వాకిలి, బొంబాయి మోటార్లు, జైలు, యుద్ధం అన్నీ అప్పటికే ఆ చేతిలో ఉన్నాయి.

1944లో బొంబాయి గవర్నర్ బహుమతి ఆరాకు వచ్చింది. 1930లో జైల్లో పెట్టిన సర్కారే పద్నాలుగేళ్లకు బహుమతి ఇచ్చింది.

ఇక 1947. ఆగస్టు 15న బొంబాయి వీధుల్లో జనం పోటెత్తారు. ఆరా ఆ ఊరేగింపును పెద్ద కాన్వాస్ మీదికి ఎక్కించాడు. బొంబాయి ఆర్ట్ సొసైటీ దాన్ని తిప్పి పంపింది. ఇది ఆరా ఒక్కడి అవమానంగా పోయేదేమో గానీ, పక్కన ఫ్రాన్సిస్ న్యూటన్ సౌజా ఉన్నాడు. గోవా మనిషి, క్విట్ ఇండియా గొడవల్లో జె.జె. స్కూల్ వెళ్లగొట్టిన కుర్రాడు, కోపం ముక్కు మీద ఉండేవాడు. పాత సొసైటీలతో కాదని సౌజా, ఆరా, సయ్యద్ హైదర్ రజా కలిసి ప్రోగ్రెసివ్ ఆర్టిస్ట్స్ గ్రూప్ పెట్టారు. తర్వాత ఎం.ఎఫ్. హుసేన్, హెచ్.ఎ. గాడే, శిల్పి ఎస్.కె. బాక్రే చేరి ఆరుగురయ్యారు. హుసేన్ అప్పటికి సినిమా హోర్డింగులు గీసి వచ్చినవాడు. 1949లో గ్రూపు మొదటి ప్రదర్శనను ముల్క్ రాజ్ ఆనంద్ ప్రారంభించాడు. ఆధునిక భారతీయ చిత్రకళ అనగానే ఇవాళ కోట్లు పలికే పేర్లలో సగం ఈ ఆరుగురివే. ఆ ఆరుగురిలో ఒకడు బొల్లారం డ్రైవరు కొడుకు.

గ్రూపు నిలవలేదు. సౌజా 1949లోనే లండన్ పోయాడు, మరుసటి ఏడాది రజా పారిస్ పోయాడు. ఆరా ఎక్కడికీ పోలేదు. పోవాల్సినంత దూరం ఏడేళ్లప్పుడే వచ్చేశాడు మరి. పెళ్లి చేసుకోలేదు. బొంబాయిలో ఆర్టిస్ట్స్ సెంటర్ నిలబెట్టడంలో ముందున్నాడు. డబ్బుల్లేని కుర్ర చిత్రకారులకు అక్కడ బొమ్మలు పెట్టుకునే చోటు దొరికేట్టు చూశాడు. పేరొచ్చిన చిత్రకారులు తమ తర్వాతి తరం కోసం తలుపు పట్టుకుని నిలబడటం అరుదు. దానికి ఆరా మీద నాకు గౌరవం, ఆయన బొమ్మల మీద ఉన్నంతగా.

బొమ్మల సంగతికి వద్దాం. ఆరా వేసినవి ఎక్కువగా పూలకుండీలు, పండ్లు, కూజాలు, బల్ల మీద పరిచిన గుడ్డలు. 1952లో బొంబాయి ఆర్ట్ సొసైటీ, అదే పాత సొసైటీ, 'రెండు కూజాలు' అనే బొమ్మకు బంగారు పతకం ఇచ్చింది. నీటి రంగులను, గవాష్‌ను నూనె రంగుల్లా మందంగా పూసేవాడు. దూరం నుంచి చూస్తే ఆయిల్ అనుకుంటాం. విమర్శకులు వెంటనే ఫ్రెంచ్ చిత్రకారుడు సెజాన్ పేరెత్తుతారు. ఆ పోలిక అబద్ధం కాదు, లాంగ్‌హామర్ ఇంటి ఆదివారాల తర్వాత సెజాన్ తెలియని చిత్రకారుడు బొంబాయిలో లేడు.

కానీ నాకు తోచేది ఇంకొకటి. అందరి ఇండ్లల్లో బల్లలు తుడిచినవాడు ఈయన. కుండీలో నీళ్లు మార్చడం, వాడిన పూలు ఏరేయడం, పండ్ల గిన్నె జరిపి కింద గుడ్డతో రుద్దడం బంగళా పనివాడి దినచర్య. ఇంటి యజమానికి ఆ పూలు గదిలో ఒక అలంకారం. పనివాడికి అవి బరువున్న వస్తువులు, పగిలితే జీతం కోసే వస్తువులు. ఆరా కూజాల్లో ఆ బరువుంది. నేలకు అతుక్కుని కూర్చుంటాయి, ఊరికే తేలవు. ఇది నా చూపు మాత్రమే, ఆయన ఎక్కడా ఇట్లా చెప్పినట్టు కాదు.

నగ్న స్త్రీల బొమ్మలు కూడా చాలా వేశాడు. ఈ విషయాన్ని పట్టుదలగా తీసుకున్న మొదటి ఆధునిక భారతీయ చిత్రకారుల్లో ఆయన పేరు చెబుతారు. 1963లో నల్లని దేహాల బొమ్మలతో ఒక ప్రదర్శన పెట్టాడు. కొన్నింటిలో గీత బిగువుగా ఉంటుంది, కొన్ని తొందరగా తేల్చేసినట్టుంటాయి. పూల బొమ్మలూ అంతే, ఒకే కుండీ మళ్లీ మళ్లీ వస్తుంది. అన్నీ గొప్పవని నేననను. బిచ్చగాళ్లను, జూదగాళ్లను, వేశ్యలను వేసిన బొమ్మల్లో మాత్రం ఆయన ఎప్పుడూ తప్పు మాట్లాడలేదు. వాళ్ల మీద జాలి పడడు, వాళ్లను అందంగా చేయడు. పక్కన కూర్చున్నవాడు పక్కవాళ్లను చూసినట్టు చూస్తాడు.

లైడెన్ తర్వాత వోల్కార్ట్ బ్రదర్స్ అనే వ్యాపార సంస్థలో చేరాడు. విమర్శ రాయడం మానలేదు. ఇంకో వ్యసనం పట్టుకుంది ఆయన్ను: గంజీఫా. గుండ్రటి ఆట చీట్ల మీద చేతితో వేసిన బొమ్మలు. దేశమంతా తిరిగి పాత చీట్లు పోగుచేశాడు. అలాంటి చీట్లు చేసిన ఊళ్లలో మన నిర్మల్ కూడా ఒకటి. 1982లో లండన్‌లోని విక్టోరియా ఆల్బర్ట్ మ్యూజియం ఆ చీట్ల మీద ఆయన రాసిన పుస్తకం వేసింది. మరుసటి ఏడాది, 1983లో, వియన్నాలో కన్నుమూశాడు. బెర్లిన్ నుంచి తరిమితే వచ్చిన మనిషి చివరికి జర్మన్ మాట్లాడే నగరంలోనే పోయాడు.

రెండేళ్ల తర్వాత, 1985 జూన్ 30న, ఆరా బొంబాయిలో పోయాడు.

హైదరాబాదులో 1948 సెప్టెంబర్‌లో పోలీసు చర్య జరిగింది, సంస్థానం కలిసిపోయింది, దండులో జెండా మారింది. దేవిడీల కాలం అయిపోయింది. అప్పుడైనా హైదరాబాదు ఆరాను వెనక్కి పిలిచిందా అంటే, పిలవలేదు. బొంబాయిలో చదివి పేరు తెచ్చుకుని, తిరిగొచ్చి ఇక్కడే ఉండిపోయిన చిత్రకారుడు ఇంకొకరు ఉన్నారు. కరీంనగర్ జిల్లా మనిషి పి.టి. రెడ్డి. 1941లో బొంబాయిలో 'యంగ్ టర్క్స్' అనిపించుకున్న కుర్రాళ్లలో ఆయన ఒకడు. ఆయన ఇల్లాలు మన పాలమూరు ఆడబిడ్డ, బిజినేపల్లిలో పుట్టిన పాకాల యశోదారెడ్డి. తెలంగాణ పల్లె మాటను కథల్లోకి తెచ్చిన రచయిత్రి. ఆ ఇంట్లో కుంచె, కలం ఎట్లా కాపురం చేశాయో వచ్చే వారం.